నెల్లమ్మగారి బిస్కెట్ల డబ్బా

మా చెల్లెలు పద్మ కాలిఫోర్నియాలోని డబ్లిన్ నుంచి వస్తూ వస్తూ ఫ్రిస్కోలో ఉన్న మా ఇంటికి ఒక ఖాళీ డబ్బా మోసుకొచ్చింది. నీలం రంగు రేకు డబ్బా, మూత మీద గాలిమర బొమ్మ, అంచుల్లో తుప్పు. ఒహాయోలో ఓ వృద్ధాశ్రమంలో ఈమధ్యే కన్నుమూసిన మా పాటల టీచరు నెల్లమ్మగారు, తన వస్తువుల్లో ఏది ఎవరికి చెందాలో అక్కడి నర్సుకి ముందే చెప్పి పెట్టిందట. కచేరీల్లో వేసుకున్న నల్ల గౌను పద్మకి. ఊలు శాలువా పద్మకి. పెన్సిలుతో గుర్తులు పెట్టుకున్న పాటల పుస్తకాలు, ఒక అట్టపెట్టె నిండా, పద్మకి. నాకు బిస్కెట్ల డబ్బా. అదీ ఖాళీది.

"నీకే ఇవ్వమని మరీ మరీ చెప్పిందట అక్కా," అంది పద్మ.

"ఖాళీదని కూడా మరీ మరీ చెప్పిందా?" అన్నాను.

నాకు ఒళ్ళు మండిపోయింది. మోకాలి ఆపరేషనై, కర్ర పట్టుకుని నడుస్తున్నదాన్ని, మనవల్ని ఎత్తినదాన్ని, ఇంకా ఒళ్ళు మండడమేమిటని మీరు అడగచ్చు. ఒళ్ళు మండడానికి వయసుతో పనిలేదు. నా ఆపరేషన్ వల్ల అంత్యక్రియలకి నేను వెళ్ళలేకపోతే, పద్మ వెళ్ళి అక్కడ కూడా పాడి వచ్చింది. మూత తీసి వాసన చూశాను. తుప్పు కింద, ఎక్కడో అడుగున, దాల్చినచెక్క వాసన ఇంకా ఉంది. ఆ వాసన ముక్కుకి తగలగానే మంట కాస్తా కళ్ళలోకి ఎక్కింది. చెల్లెలికి కనబడకుండా ముఖం తిప్పుకుని, వంటింట్లోకి పోయి, ఆ డబ్బాలో ఎండుమిరపకాయలు పోసి మూత పెట్టాను. గుంటూరు నుంచి తెప్పించుకున్నవి, ఎలాగూ వాటికో డబ్బా కావాలి.

మేం ఒహాయో వెళ్ళేనాటికి నేను బందరులో తెలుగు బళ్ళో చదువుకుంటున్న పిల్లని, పద్మ నాకన్నా చిన్నది. నాన్న అక్కడి చిన్న ఊరి ఆసుపత్రిలో డాక్టరు. ఆ ఊళ్ళో ఓ కాలేజీ, దాని చుట్టూ మొక్కజొన్న చేలు, చేల మధ్య మేమొక్కళ్ళమే తెలుగువాళ్ళం. మా పక్కింట్లో ఉండే పొడుగాటి, నెరిసిన జుట్టావిడ మేం దిగిన మర్నాడే ఓ పువ్వుల కుండీ పట్టుకొచ్చి, తన పేరు పెట్రొనెల్లా అనీ, అందరూ నెల్ అంటారనీ, తమది హాలెండ్ అనీ చెప్పింది. అమ్మ ముఖం వెలిగిపోయింది. "హాలెండా! అయ్యో, మావాళ్ళే! మాది వలందపాలెం అండీ. మీవాళ్ళు కాపరం ఉన్న చోటే. మీ తాతల సమాధులు మా ఇంటి వెనకే ఉన్నాయి," అని గుక్కతిప్పుకోకుండా తెలుగులో చెప్పేసింది. నేను వచ్చీరాని ఇంగ్లీషులో అనువదించాను. బందరులో ఒకప్పుడు డచ్చివాళ్ళు వ్యాపారం చేశారని, వాళ్ళ పేరునే ఆ పేట ఉందని అప్పటికి ఆవిడకి తెలియదు. సమాధుల మాట వినగానే ఆవిడ కాసేపు బిత్తరపోయి, తరవాత పకపకా నవ్వింది. అమ్మ ఆ రోజు నుంచి ఆవిణ్ణి నెల్లమ్మగారు అంది. ఆవిడకి వండి పెట్టని రోజు లేదు. నా చేతిలో గిన్నె పెట్టి, "చల్లారేలోపు ఇచ్చి రా," అనేది. పొరుగింటి పుల్లకూర రుచి అంటారే, మా ఇంట్లో అది తిరగబడింది. మా పప్పూ కూరా పొరుగింటావిడకే రుచి, మాకు మిగిలింది అడుగంటింది.

నెల్లమ్మగారిల్లు మాకు వింత. ఫర్నిచర్‌కి రాసే మైనం వాసన, కాఫీ వాసన, ఆవిడ ఆవిరి పట్టుకునే నీలగిరి నూనె వాసన. బాత్‌రూమ్ గోడ మీద తెలిసినవాళ్ళందరి పుట్టినరోజుల క్యాలెండరు వేలాడేది. అది వాళ్ళ దేశంలో ఆనవాయితీట. తన పేరూ మొగుడి పేరూ అక్కడ రాసి ఉండడం చూసి అమ్మ చెంపలేసుకుంది. నేను మాత్రం పద్మ పేరు నా పేరు కన్నా పెద్ద అక్షరాల్లో ఉందా అని చూశాను. లేదు. ఉందేమోనని వెళ్ళినప్పుడల్లా చూసేదాన్ని. ఇక కాఫీతో పాటు బిస్కెట్ ఇచ్చే పద్ధతి. డబ్బా మూత తీసి చాపుతుంది, ఒకటి తీసుకోవాలి, టప్‌మని మూత పెట్టేస్తుంది. ఎంత గొప్ప అతిథి వచ్చినా ఒకటే. వద్దన్నా చెయ్యి పట్టుకుని మూడో గారె వడ్డించే మా అమ్మకి ఆ టప్ శబ్దం వినపడితే ప్రాణం ఉసూరుమనేది. "పాపం, యుద్ధం చూసిన మనిషి కదే," అని తనే సర్దిచెప్పుకునేది.

అవును, యుద్ధం చూసిన మనిషే. కాలవ గట్టున చిన్న ఊళ్ళో రొట్టెలు కాల్చేవాడి కూతురు. సైకిలు మీద రొట్టెలు వేస్తూ పాడుకుంటూ పోతుంటే చర్చిలో పాటలు నేర్పే ఆయన విని, ఆడపిల్లకి ఇంత లోతైన గొంతేమిటని, మగపిల్లల వరసలో నిలబెట్టాడట. తరవాత రొట్టెకి పిండి కూడా దొరకని శీతాకాలం వచ్చింది. తులిప్ పువ్వుల దుంపలు ఉడకబెట్టుకు తిన్నారు. "ఎలా ఉండేవి?" అని అమ్మ అడిగితే, "తడి రంపపు పొట్టులా," అంది. అమ్మ ఏడుస్తూ ఆవిడ పళ్ళెంలో ఇంకో రెండు గారెలు వేసింది. యుద్ధం అయ్యాక ఆమ్‌స్టర్‌డామ్‌లో ఓ టీచరు ఇంట్లో గచ్చులు కడిగి సంగీతం నేర్చుకుంది. ఒపేరా కాదు. ఆ తేడా ఆవిడకి ప్రాణం. "నేను వేషం వెయ్యను, చావడం నటించను. నిలబడి పాడతాను," అనేది. అమ్మకి చటుక్కున అర్థమైంది. "ఓస్, కచేరీ అన్నమాట!" అంది. ఆ మాట నెల్లమ్మగారికి ఎంత నచ్చిందంటే, అప్పటి నుంచి ఎవరడిగినా తను కచేరీ సింగర్‌నని చెప్పేది.

ఆవిడ కచేరీ జీవితం మొదలైంది వేరొకళ్ళ జలుబుతో. ఆ దేశంలో అప్పట్లో ఓ పేరుమోసిన ఆల్టో ఉండేదట. ఆల్టో అంటే ఆడగొంతుల్లో కింది స్థాయి గొంతు. నెల్లమ్మగారు ఆవిడ పేరు ఎప్పుడూ చెప్పలేదు, పెద్దావిడ అనేది, అంతే. ఈస్టర్‌కి ముందు హాలెండ్‌లో ఊరూరా క్రీస్తు శిలువ కథని గంటల తరబడి పాడతారు. పెద్దావిడ గొంతు పట్టేసిందని మధ్యాహ్నం కిరాణా కొట్టుకి ఫోనొచ్చింది. నెల్ రైలెక్కింది, ఎవరిదో గౌనుకి పిన్నులు పెట్టుకుంది, ఆ సాయంత్రం పాడింది. ఇక ఆ పైన పెద్దావిడ ఎక్కడ దగ్గినా కబురు ఈవిడకే. వసంతకాలమంతా ఒక ఊళ్ళో మధ్యాహ్నం, ఇంకో ఊళ్ళో సాయంత్రం, నల్ల గౌను అంచులకి బట్టల క్లిప్పులు పెట్టుకుని స్టేషన్ నుంచి చర్చికి సైకిలు తొక్కేది. "ప్రతి ఆల్టో రోజూ దేవుణ్ణి వేడుకుంటుంది, పక్క ఆల్టోకి జలుబు చెయ్యాలని. చేశాక పూలు పంపిస్తుంది," అని మాకు చెప్పి కన్ను గీటింది. నాకు ఆ మాట ఎంత సంతోషమిచ్చిందో! కుళ్ళుకోవడం కూడా ఈ విద్యలో భాగమే అన్నమాట అనుకున్నాను. జర్మనీ, ఇంగ్లండు, ఆ తరవాత అమెరికా. ఒహాయోలో మా ఊరి కాలేజీలో పాడిన రోజున పియానో పక్కన పేజీలు తిప్పడానికి మనిషి దొరక్క, సంగీతం చదవగలిగిన లెక్కల మేష్టారొకాయన్ని కూర్చోబెట్టారు. ఆవిడ ఆయన్నే పెళ్ళాడి ఆ ఊళ్ళోనే ఉండిపోయింది. మేం వెళ్ళేసరికి ఆయన పోయాడు. హాలు బీరువా మీద ఆయన ఫోటో ఉండేది.

పాట నేర్పమని మమ్మల్నిద్దర్నీ అమ్మే తీసుకెళ్ళి అప్పజెప్పింది. మొదటి రోజు ఆవిడ మమ్మల్ని నేల మీద వెల్లకిలా పడుకోబెట్టి, పొట్టల మీద చెరొక టెలిఫోన్ డైరెక్టరీ పెట్టి, అది లేచి దిగేలా ఊపిరి తీయమంది. కిటికీలోంచి చూసిన అమ్మ, "పాట నేర్పమంటే పడుకోబెట్టిందేమిటే ఈవిడ!" అని నోరు నొక్కుకుంది. నేను శ్రద్ధగా డైరెక్టరీని లేపాను. పద్మ నిద్రపోయింది. నిద్రలో కూడా దాని డైరెక్టరీయే ఎత్తుగా లేచిందని నెల్లమ్మగారు తరవాత అందరికీ చెప్పింది. చూశారా అన్యాయం! ఇంటికెళ్ళి సాధన చేసింది నేను. ఆవిడ డచ్చి ఉచ్చారణ అచ్చంగా పట్టుకుంది నేను. పేరు కూడా శారద. సరస్వతి పేరు నాకు పెట్టి గొంతు దానికి పెట్టారు మా వాళ్ళు. కొన్నాళ్ళకి ఓ శనివారం నెల్లమ్మగారు నా భుజం మీద చెయ్యి వేసి, "నీకు మంచి చెవి ఉంది, మంచి చేతులున్నాయి. పియానో నేర్చుకో. పద్మ పాడుతుంది, నువ్వు పేజీలు తిప్పు," అంది. నా కళ్ళలో నీళ్ళు చూసి, "నాకు పేజీలు తిప్పిన మనిషినే నేను పెళ్ళాడాను, తెలుసా?" అని బుజ్జగించింది. నాకేం పెళ్ళా కావలసింది? గొంతు కావాలి.

ఆ రోజు నుంచి అదే ఏర్పాటు. పద్మ నిలబడి పాడేది, నేను పియానో బల్ల మీద ఆవిడ పక్కన కూర్చుని పేజీ చివర చూపు నిలిపి ఉండేదాన్ని. పేజీలు తిప్పేవాళ్ళు పాటకి ఒక గుక్క ముందుండాలి, పేజీ ఆఖరి వరస ఇంకా మిగిలుండగానే లేచి నిలబడాలి, చప్పుడు కాకూడదు, ఎవరికీ కనబడకూడదు. అలా చెల్లెలు పాడిన ప్రతి స్వరమూ నేను ఒక గుక్క ముందే మనసులో పాడుకున్నాను. పాఠం అయ్యాక బిస్కెట్ నాకొక్కదానికే. పాడేవాళ్ళ గొంతులో పొడి పడకూడదని పద్మకి గోరువెచ్చని నీళ్ళు. డబ్బా మూత తీసి నాకు చాపేది, నేను ఒకటి తీసుకునేదాన్ని, టప్. ఏడ్చే పిల్లకి చేతిలో పెట్టే చక్కిలం ముక్కలా అనిపించేది నాకది. దాన్ని కొరుకుతూ కళ్ళలో నిప్పులు పోసుకునేదాన్ని.

ఇంటికొస్తే అమ్మ. పద్మ పాడినందుకు అమ్మ ఒక్క మెప్పు మాట అనగా నేను వినలేదు. "సర్లే, పాలు తాగి పడుకో," అనేది. ఎవరైనా పిల్ల బాగా పాడుతోందంటే, "ఏదోలెండి, అరుస్తుంది," అని మాట మళ్ళించేది. మెచ్చుకుంటే దిష్టి తగులుతుంది, అందులోనూ ఇంట్లోవాళ్ళ దిష్టే ముందు తగులుతుందని అమ్మ నమ్మకం. వారానికోసారి పద్మని కుర్చీలో కూర్చోబెట్టి, గుప్పిట్లో రాళ్ళ ఉప్పూ ఎండుమిరపకాయలూ పట్టి, "ఇరుగు దిష్టి, పొరుగు దిష్టి, ఇంట్లోవాళ్ళ దిష్టి, నా దిష్టి," అంటూ చుట్టూ తిప్పి పొయ్యి మీద పెనంలో వేసేది. ఇంట్లోవాళ్ళ దిష్టి అనగానే గుమ్మడికాయ దొంగలా నేను భుజాలు తడుముకునేదాన్ని. మిరపకాయలు కాలి ఘాటుకి అందరూ దగ్గితే దిష్టి లేనట్టు. ఘాటు రాకపోతే దిష్టి గట్టిగా తగిలినట్టు. ప్రతిసారీ ఘాటు వచ్చి చచ్చేవాళ్ళం. నాకు దిష్టి తీసిన గుర్తే లేదు. తగలడానికి నా దగ్గర ఏముందని?

పద్మ పుట్టినరోజుకి నెల్లమ్మగారు వచ్చిన తీరు ఇంకా గుర్తు. గుమ్మంలో అడుగు పెడుతూనే మొదట నాన్న చెయ్యి పట్టుకుని ఊపి, "మీ కూతురి పుట్టినరోజుకి మీకు కంగ్రాచ్యులేషన్స్," అంది. తరవాత అమ్మకి. తరవాత నాకు. "నీ చెల్లెలి పుట్టినరోజుకి నీకు కంగ్రాచ్యులేషన్స్, శారదా." వాళ్ళ దేశంలో అంతేనట. పుట్టినరోజు ఒకరిదైతే అభినందన ఇంటిల్లిపాదికీ చెబుతారు. అమ్మ మురిసిపోయింది. "ఎంత మర్యాద తెలిసిన మనిషే! కన్నదాన్ని గుర్తుపెట్టుకుని చెప్పింది," అంది. నాకు మాత్రం పుండు మీద కారం చల్లినట్టుంది. అది పుట్టినందుకు నాకెందుకు అభినందన? పేజీలు తిప్పే ఉద్యోగం దొరికినందుకా? నేను చెయ్యి వెనక్కి లాక్కుని థాంక్స్ కూడా చెప్పలేదు.

మేం హైస్కూల్లో ఉండగా నెల్లమ్మగారు ఇక కచేరీలు చాలిస్తానని, మా ఊరి చర్చిలోనే చివరి కచేరీ పెట్టుకుంది. పియానోకి కాలేజీ ప్రొఫెసరు, పేజీలకి నేను. చివరి పాట వాళ్ళమ్మ పాడిన డచ్చి జోల. అది మా ఇద్దరికీ నేర్పింది. నాకు లోలోపల ఒక ఆశ. జోల పాడేటప్పుడు మాలో ఒకర్ని పక్కన నిలబెట్టుకుంటుందేమో, స్టేజీ మీదే ఉంటాను కాబట్టి నన్నే పిలుస్తుందేమో అని. ఒక్కసారి, ఒక్క పాట, ఆ ఊరి ముందు నా గొంతుతో. అద్దం ముందు నిలబడి ఆ జోల ఎన్నిసార్లు పాడుకున్నానో నాకే తెలియదు.

కచేరీ రోజున ఆవిడ నోరు విప్పేది కాదు. పొద్దున లేచింది మొదలు స్టేజీ ఎక్కేదాకా ఒక్క మాట ఉండదు, గొంతు దాచుకోవాలని. అమ్మ దాన్ని మౌనవ్రతం అని దండం పెట్టేది. ఆ మధ్యాహ్నం మేం ముగ్గురం వాళ్ళింటికి వెళ్ళాం. ఊరంతా ఆవిడ గురించే మాట్లాడుకుంటోంది, పేపర్లో ఫోటో పడింది. అమ్మకి భయం పట్టుకుంది. "ఇంతమంది కళ్ళు పడితే ఇంకేమైనా ఉందా?" అని కొంగు చాటు నుంచి ఉప్పూ మిరపకాయలూ తీసింది. నెల్లమ్మగారు అదేదో ఆశీర్వాదం అనుకుని చేతులు కట్టుకుని బుద్ధిగా నిలబడింది. ఇరుగు దిష్టి, పొరుగు దిష్టి అయ్యాయి. అమ్మ స్టవ్ వైపు తిరిగేసరికి ఆవిడకి అనుమానం వచ్చినట్టుంది, చెయ్యి ఎత్తింది. నోరు మాత్రం విప్పలేదు. విప్పకూడదు కదా! నేను "అమ్మా, వద్దు!" అనేలోపే గుప్పెడు గుంటూరు మిరపకాయలు వేడెక్కిన ఇనప పెనంలో పడ్డాయి. చలికాలం, కిటికీలకి రెండేసి అద్దాలు బిగించిన ఇల్లు. పొగ పైకి లేచి అక్కడే నిలబడింది. పద్మ దగ్గుకుంటూ పెరట్లోకి పరిగెత్తింది. నెల్లమ్మగారు గోడ పట్టుకుని దగ్గింది, దగ్గింది, కళ్ళ వెంట ధారలు. అమ్మ మాత్రం దగ్గుతూనే సంబరపడిపోయింది. "చూశావుటే, ఎంత ఘాటో! ఎవరి దిష్టీ లేదు మహాతల్లికి!"

నేను తలుపులు బార్లా తెరుస్తూ, దగ్గుతూ, అవమానంతో కుంగిపోయాను. ఎవరి దిష్టీ లేదట. ఆ వంటింట్లో నిలబడి ఆవిడ గొంతు చూసి, చెల్లెలి గొంతు చూసి భగభగ మండిపోతున్న నేను మనిషినే కానట్టు! నా కుళ్ళు కూడా ఎక్కడా తగలదన్నమాట.

అయినా ఆవిడ పాడింది. గోరువెచ్చని నీళ్ళు తాగి, ఆవిరి పట్టి, అమ్మని ఒక్క మాట అనకుండా, నల్ల గౌను వేసుకుని స్టేజీ ఎక్కింది. గొంతులో గరగర ఉంది. ఉన్నా, దాన్ని ఎక్కడ దాచాలో తెలిసిన మనిషి. పాట తరవాత పాట నెగ్గుకొచ్చింది. జోల దగ్గరికొచ్చేసరికి, మొదటి చరణం అయ్యాక, మెల్లగా పైకి ఎక్కే చోట గొంతు తెగిపోయింది. ప్రొఫెసరు చేతులు గాల్లో ఆగిపోయాయి. ఆవిడ పియానో వైపు తిరిగింది. ఆవిడకీ నాకూ మధ్య చేతికందే దూరం. నేను లేచాను. సగం లేచాను. ఆవిడ చూపు నా మీదుగా వెళ్ళి ముందు వరసలో అమ్మ పక్కన కూర్చున్న పద్మ దగ్గర ఆగింది. చెయ్యి చాపి దాన్ని పిలిచింది.

పద్మ బూట్లు టకటకలాడించుకుంటూ మెట్లెక్కి వచ్చింది. సగం లేచిన నన్ను చూసి పేజీ తిప్పడానికి లేచాననుకున్నారు అందరూ. ఏం చెయ్యను? పేజీ తిప్పాను. ఆ తరవాత అది పాడింది. నెల్లమ్మగారు దాని భుజం మీద చెయ్యి వేసి నిలబడి ఉంటే, ఆ చిన్న ఒంట్లోంచి ఆ పెద్ద గొంతు, తొణక్కుండా, ఎక్కాల్సిన చోటికి ఎక్కి, దిగాల్సిన చోటికి దిగింది. ఎంత బాగుందో నా అంత బాగా ఆ చర్చిలో ఇంకెవరికీ తెలియదు. ఒక గుక్క ముందు నేను పాడుకుంటూనే ఉన్నాను కదా. అందుకే అంత నొప్పి. జనం లేచి నిలబడ్డారు. కిందికి దిగాక అందరూ పద్మ చుట్టూ మూగితే, నెల్లమ్మగారు ఆ గుంపులోంచి తిన్నగా నా దగ్గరికొచ్చి, నా చెయ్యి పట్టుకుని, బొంగురు గొంతుతో, "నీ చెల్లెలికిగాను నీకు కంగ్రాచ్యులేషన్స్, శారదా," అంది. నేను అప్పుడూ థాంక్స్ చెప్పలేదు. కోటు తెచ్చుకోవాలని పక్కకి తప్పుకున్నాను.

ఆ తరవాత కథ పద్మది. సంగీతం చదివింది, ఆర్కెస్ట్రాలతో పాడింది, నెల్లమ్మగారి దేశానికే వెళ్ళి ఈస్టర్ ముందు ఆ శిలువ కథ పాడి వచ్చింది, వేదిక మీద పూలగుత్తులతో ఫోటోలు పంపింది. నేను లెక్కలు చదివి, ఉద్యోగాలు చేసి, పిల్లల్ని పెంచి, రిటైరై, ఇలా నాలుగు ముక్కలు రాసుకుంటున్నాను. అప్పట్లో ఆ చేల మధ్య దిష్టి పెట్టడానికైనా మరో తెలుగువాళ్ళు లేరు. ఇప్పుడు ఫ్రిస్కోలో మా వీధిలోనే సంగీతం క్లాసులు, పిల్లల్ని దింపడానికి కార్ల బారు, పాట సగంలో ఉండగానే తల్లులు "సూపర్ బేబీ, యూ నెయిల్డ్ ఇట్!" అని చప్పట్లు. మెచ్చుకోలుకి కరువు లేదు. ఏ పిల్లకీ ఎవరూ దిష్టి తియ్యరు, ఇంట్లో మిరపకాయ కాలిస్తే స్మోక్ అలారం మోగి ఫైరింజను వస్తుంది.

మొన్న పద్మ అరవయ్యో పుట్టినరోజు మా ఇంట్లో చేశాను. పొరుగూరు కాపెల్ నుంచి కూడా స్నేహితులు వచ్చారు. కేక్ కోశాక, "పద్మగారూ, ఒక్కటి పాడాల్సిందే," అని పట్టుబట్టారు. పాడనంటూనే పాడింది. ఆ జోలే. గొంతు ఇప్పుడు కాస్త సన్నబడింది, అంచుల్లో వణుకు ఉంది, అయినా వంటింట్లో గిన్నెలు సర్దుతున్న నా చేతులు ఆగిపోయాయి. కడుపులో అదే పాత మంట. ఎదురింటి వాళ్ళ మనవరాలు నా దగ్గరికొచ్చి, "శారదా ఆంటీ, షి ఈజ్ యువర్ సిస్టర్? మీరు కూడా పాడతారా?" అంది. "లేదమ్మా, నేను పేజీలు తిప్పుతాను," అన్నాను. దానికి అర్థం కాలేదు. ట్యాబ్‌లో అయితే పేజీలు వాటంతటవే తిరుగుతాయి కదా.

మర్నాడు పొద్దున పద్మా నేనూ కాఫీ కప్పులతో కూర్చున్నాం. అది బల్ల మీదున్న నీలం డబ్బాని వేలితో మీటుతూ, "నిజం చెప్పనా అక్కా? ఇది నాకిస్తుందనుకున్నాను," అంది.

"ఏమిటీ? గౌనూ శాలువా పుస్తకాలూ కొట్టేసి, ఇది కూడానా!"

"గౌను నాకు పట్టదు. ఆ బుక్స్ అన్నీ నా దగ్గర ఆల్రెడీ ఉన్నాయి. కానీ ఆ డబ్బాలోంచి నాకు ఒక్క బిస్కెట్ ఇచ్చిందా చెప్పు? నువ్వు ఆవిడ పక్కనే కూర్చుని తింటుంటే, ఐ యూజ్డ్ టు హేట్ యూ. గోరువెచ్చని నీళ్ళు! యక్!" కప్పు కింద పెట్టింది. "ఆ రోజు చర్చిలో పాడి కిందికి దిగాను కదా. ఆవిడ నాతో ఏమందో తెలుసా? మూడో లైన్‌లో ఊపిరి తప్పు చోట తీశావు అంది. అంతే. తరవాత నీ దగ్గరికెళ్ళి కంగ్రాచ్యులేషన్స్ చెప్పింది. పాడింది నేను కదా! నేను చూస్తూ నిలబడ్డాను. నీ మీద ఎంత కుళ్ళు వచ్చిందో."

"మళ్ళీ చెప్పు," అన్నాను.

"ఏది?"

"ఆ చివరి ముక్క."

"కుళ్ళు వచ్చింది. నీ మీద. చాలా."

అబ్బ, ఎంత హాయిగా ఉందో! ఆపరేషనైన మోకాలిలో కూడా నొప్పి తెలియలేదు. ఇన్నాళ్ళూ ఆ మాట తన దగ్గర పెట్టుకుని నాకు చెప్పకుండా దాచిందా అని కోపం కూడా వచ్చింది. పద్మ మాత్రం నవ్వడం లేదు. కప్పు అంచు తుడుస్తూ, "ఆవిడ చచ్చిపోయేదాకా నాకు బాగా పాడావని చెప్పలేదక్కా. నేను వెళ్ళినప్పుడల్లా ఈసారి చెబుతుందేమో అనుకునేదాన్ని. అమ్మా చెప్పలేదు, దిష్టి తగులుతుందని. అమ్మా పోయింది, ఆవిడా పోయింది," అంది. "నువ్వు కూడా ఎప్పుడూ చెప్పలేదు."

ఇప్పుడు చెబుదామన్నా ఆ మాట గొంతు దాటి రాలేదు. మా ఇంటి పెంపకం అలాంటిది. లేచాను. డబ్బా మూత తీసి గుప్పెడు మిరపకాయలు తీసుకున్నాను, ఉప్పు తీసుకున్నాను. "పెరట్లోకి రా," అన్నాను.

"అక్కా, సీరియస్లీ?"

"అరవై ఏళ్ళొచ్చాయి, ఇంకా వాదిస్తావేం? కూర్చో."

పెరట్లో గ్రిల్ వెలిగించి, దాన్ని తూర్పు ముఖంగా ప్లాస్టిక్ కుర్చీలో కూర్చోబెట్టాను. ఇరుగు దిష్టి, పొరుగు దిష్టి, కాపెల్ దిష్టి, ఇంట్లోవాళ్ళ దిష్టి అంటూ అమ్మలాగే చుట్టూ తిప్పాను. ఆఖరున "నా దిష్టి" అన్నాను, కాస్త గట్టిగానే. నిప్పుల్లో వేశాను. మిరపకాయలు చిటపటలాడాయి, నల్లబడ్డాయి, పొగ లేచింది. ఫ్రిస్కోలో ఎప్పుడూ వీచే గాలి కూడా ఆ పొద్దున లేదు. పొగ మా ఇద్దరి ముఖాల మీదికే వచ్చింది. ఇద్దరం ముక్కులు మూసుకుని దగ్గుకి సిద్ధంగా ఉన్నాం. దగ్గు రాలేదు. ముక్కుల మీంచి చేతులు తీశాం. ఘాటే లేదు. అవి గుంటూరు మిరపకాయలు.

పద్మ పొగలోకి వంగి మరీ వాసన చూసింది. "అమ్మో! ఇంత దిష్టా? ఎవరిదక్కా ఇది?"

"ఇంకెవరిది? నాదే," అన్నాను.

అది నవ్వుతుందనుకున్నాను. నవ్వలేదు. కుర్చీలోంచి లేచి, ఉప్పంటిన నా చెయ్యి పట్టుకుని, నెల్లమ్మగారిలా గట్టిగా ఊపింది.

"థాంక్స్ అక్కా," అంది.